మందుపెట్టె

తెలుగులో ఇన్ని వేల మాటలుండగా, తుపాకీలో కూరే పొడికీ, జ్వరానికి మింగే బిళ్ళకీ, తాగే సారాకీ, పరాయివాడి కూట్లో కలిపే విషానికీ కలిపి ‘మందు’ అని ఒక్క మాటే పెట్టిన మహానుభావుడెవరో నాకు కనబడితే దుమ్ము దులిపి గానీ వదలను. ఆ మాట నా కొంప ముంచింది. నిజానికి ముంచింది మాట కాదు, మనుషులు. కానీ ఆ మనుషుల్ని తిట్టడానికి ఇంకా నోరు రావడం లేదు, అందుకని మాటతో మొదలుపెడుతున్నాను.

నేను నర్సుని. గూడెం కొత్తవీధి నుంచి పైకి, కాఫీ తోటల్లోంచి నడిచి వెళ్ళే ఊరు మాది. దాంతో కలిపి చుట్టుపక్కల పదకొండు ఊళ్ళకి ఇరవై ఆరేళ్ళుగా మందులిచ్చేది నేనే. ఇవ్వడం సులువే, మింగించడమే కష్టం. ఉద్యోగంలో చేరిన కొత్తలో మా వాళ్ళు నా సంచీ చూడగానే పిల్లల్ని చంకనేసుకొని తుప్పల్లోకి పోయేవారు. బిళ్ళ చేతిలో పెడితే బుగ్గన దాచుకొని, నేను గడప దాటగానే ఉమ్మేసేవారు. పెద్ద డాక్టర్లు వచ్చి మైకులో చెప్పినా మింగని వాళ్ళు నా దగ్గర మింగడం మొదలుపెట్టారంటే దానికి నా చదువు కారణం కాదు. మా అత్త పాట కారణం.

అత్త అంటే నాన్నకి అక్క. నేను పాకే వయసులో అమ్మ పోతే నన్ను పెంచింది ఆవిడే. పెళ్ళయిన రెండేళ్ళకే మొగుడు పోయి పుట్టింటికొచ్చింది, ఇంక ఎటూ వెళ్ళలేదు. మనిషి పొట్టి, గొంతు మాత్రం వాగు అవతలికి వినబడుతుంది. ఊళ్ళో ఏ పెళ్ళయినా, ఏ పండగయినా ఆవిడ పాడకపోతే జనం కదలరు. ఆ పాటల్లో మా ఇంటి పాట ఒకటుంది. మా తాతకి తాత, ఆ పైన ఇంకెన్ని తరాలో నాకు తెలియదు, ఆయన మీద కట్టిన పాట.

అలిసొచ్చినోళ్ళకి సాప పరిసె
ఆకలన్నోళ్ళకి అంబలి పోసె
ఫితూరి దొరలకి మందుపెట్టె
మా తాత సెయ్యే సెయ్యి

ఫితూరీ అంటే సర్కారు మీద కొండవాళ్ళ తిరుగుబాటు. పంతొమ్మిదో శతాబ్దంలో ఈ కొండల్లో ఒకదాని వెనక ఒకటి లేచాయి. తిరగబడ్డ నాయకుల్నే పాటలో దొరలన్నారు. వాళ్ళకి మా తాత పెట్టెడు తుపాకిమందు ఇచ్చాడని, ‘ఇచ్చె’ అన్న మాట పాటలో పట్టక వదిలేశారని మా ఇంట్లో చెప్పుకునే అర్థం. బుద్ధెరిగినప్పటి నుంచీ అదే విన్నాను. మా ఇంటిపేరు ఎవరికీ గుర్తుండదు, చుట్టుపక్కల ఊళ్ళన్నిటికీ మేం ‘మందుపెట్టోళ్ళం’. నా సంచీ చూసి జంకే కోడళ్ళని ముసలమ్మలు కసిరేవారు. “ఏటే అలగ సూత్తావు? ఈ గుంట మందుపెట్టోళ్ళ గుంట. ఆళ్ళ సెయ్యి మంచిది. బేగి మింగీ.” కోడళ్ళు నోరు తెరిచి మింగేవారు. ఎక్కడో తాత తిరుగుబాటుకి ఇచ్చిన మందు, ఇక్కడ నేను మలేరియాకి ఇచ్చే మందు, రెండూ ఒకే చెయ్యి అని నాకు లోపల్లోపల ఎంత మిడిసిపాటో చెప్పలేను.

ఐదేళ్ళ కిందట కింద నుంచి, అంటే మైదానం నుంచి, ఒక లెక్చరర్ వచ్చాడు. ఫితూరీల్లో రెండు పక్షాలకీ ఆయుధాలూ తిండీ ఎక్కణ్ణుంచి వచ్చాయన్నది ఆయన రాస్తున్న పుస్తకం. ఎవరు గెలిచారో, ఎవర్ని ఉరి తీశారో అందరూ రాశారట, వాళ్ళు ఏం తిని కొట్టుకున్నారో ఎవరూ రాయలేదట. ఆ మాట నాకు నచ్చింది. అబద్ధమెందుకు, మనిషి కూడా నచ్చాడు. సొంత అన్న లేనిదాన్ని, ‘చెల్లెమ్మా’ అనేసరికి కరిగిపోయాను. జలగలు పట్టి కాళ్ళంతా నెత్తురు చేసుకొని వస్తే ఉప్పు రాసి తీసింది నేను. మూడు వానాకాలాలు మా అత్త చేతి వంట తిన్నాడు. చోడి అంబలి, అంటే రాగి అంబలి, మొదట మొహం ముడుచుకొని తాగాడు, తర్వాత రెండో ఆకుడొప్ప అడిగి మరీ తాగాడు. సెలవులు పెట్టి ఆయన్ని ఊరూరా తిప్పింది నేను. ముసలివాళ్ళ మాట ఆయనకి అర్థమయ్యేలా తిప్పి చెప్పింది నేను.

ఆయన ప్రశ్నలు విని మొదట్లో ముసలివాళ్ళు నవ్వేవారు. తుపాకులెక్కడివి అంటే పందుల్ని కొట్టే నాటువి కొన్ని, ఠాణాల మీద పడి లాక్కున్నవి కొన్ని అన్నారు. గుళ్ళకి సీసం ఎక్కడిదంటే, చేపల వలలకి కట్టే గుళ్ళు కరిగించుకున్నారట. తుపాకిమందుకి సూరేకారం, గంధకం సంతకొచ్చే బేరగాళ్ళు ఉప్పు బస్తాల్లో దాచి ఘాటీ ఎక్కించారట. “మరి బొగ్గు?” అని అడిగాడు చాలా గంభీరంగా. “బొగ్గుకేటి బాబూ, అడివంతా బొగ్గే గదా,” అని ఒక ముసలాయన పడీ పడీ నవ్వితే లెక్చరర్ అదీ రాసుకున్నాడు. బియ్యానికి ఇంటికి ఇన్ని సోలలని వంతు ఉండేదట. వాగు ఒడ్డున బండ మీద పెట్టి వెనక్కి తిరిగి చూడకుండా వచ్చెయ్యాలి. సిపాయిలొస్తే వంతూ లేదు, గింతూ లేదు. కనబడిన మేక, కోడి వాళ్ళవే. సామాను మొయ్యడానికి మనుషుల్ని వెట్టికి పట్టుకుపోయేవారు.

సైన్యానికి అందించే తిండినీ సరుకునీ ‘రస్తు’ అనేవారని లెక్చరర్ చెబితే, మా అత్త ఆ మాట తనకెప్పుడో తెలుసంది. “రస్తు ఈయకపోతే ఈళ్ళు ఇళ్ళు కాల్సీసేవోరు, ఇత్తే ఆళ్ళు కాల్సీసేవోరు.” రెండు వైపులా ఉన్నది మా మనుషులే. సిపాయిలకి దారి చూపినవాడూ, నాయకులకి బియ్యం మోసినవాడూ ఒక్కోసారి ఒకే తల్లి బిడ్డలు. మా ఊళ్ళలో రెండు సైన్యాలకీ ఒకే పొయ్యి మీద వంటయ్యేది.

అత్త పాట ఆయన ఫోన్లో ఎక్కించుకున్నాడు. మందుపెట్టె అంటే తుపాకిమందు పెట్టె అని నేనే విడమరిచి చెప్పాను, నా కళ్ళ ముందే రాసుకున్నాడు. చివరి వానాకాలం నేను టీకాల పని మీద రెండు రోజులు పై ఊళ్ళకి వెళ్ళాల్సి వచ్చింది. ఇంట్లో ఆయనా, అత్తా మిగిలారు. ఆ రెండు రోజుల్లో ఏం జరిగిందో నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

పుస్తకం అచ్చయింది. నాకు పంపుతానన్నాడు, రాలేదు. వీడియో వచ్చింది.

సంత రోజు ఎండుచేపల దుకాణం దగ్గర జనం మూగి ఉన్నారు. ఎవరి ఫోన్లోంచో మా అత్త గొంతు వినబడింది. గర్వంతో నా ఒళ్ళు పులకరించింది, నిజం. తోసుకొని ముందుకు వెళ్ళాను. పాట అయిపోగానే లెక్చరర్ గొంతు వచ్చింది. “చాప పరిసె, అంబలి పోసె, మందు పెట్టె. మూడూ క్రియలే చూడండి. పెట్టె అంటే ఇక్కడ డబ్బా కాదు, పెట్టాడు అని. కొన్ని ఊళ్ళ మీద పెత్తనం ఉన్న ఆ ముఠాదారు, తన ఇంటికి తిండికొచ్చిన తిరుగుబాటు నాయకుల కూట్లో మందు పెట్టి సర్కారుకి పట్టించాడు.” మా ఊరి పేరు కూడా చెప్పాడు. జనం వెనక్కి తిరిగి నన్ను చూశారు. ఒక్కరూ ఏమీ అనలేదు. అని ఉంటే బాగుండేది, తగువు పడేదాన్ని.

ఆ వారంలోనే నులిపురుగుల బిళ్ళలు పంచాలి. మొదటి ఇల్లు పక్కింటి వదినది. ఉప్పుకీ పప్పుకీ రోజుకి నాలుగుసార్లు మా ఇంటికొచ్చే మనిషి. పిల్లాడి చెయ్యి పట్టుకొని గుమ్మంలో నిలబడి, “ముందు నువ్వు మింగు, నర్సమ్మా,” అంది. పుట్టి బుద్ధెరిగి నన్ను వదినా అనడమే గానీ నర్సమ్మా అని పిలవలేదు ఆవిడ.

మా కొండల్లో ఒక పద్ధతి ఉంది. వచ్చినవాళ్ళకి అంబలి గానీ కల్లు గానీ ఇచ్చే ముందు, ఇంటావిడ తన డొప్పలో పోసుకొని ఒక గుక్క తాగుతుంది. ఇందులో ఏమీ లేదు, మీరు తాగండి అని. అది పెట్టేవాళ్ళ మర్యాద. పుచ్చుకునేవాళ్ళు నోరు తెరిచి అడిగారంటే ఇంక అది మర్యాద కాదు, అనుమానం. అయినా వదిన కళ్ళ ముందే ఒక బిళ్ళ నమిలి మింగాను. రెండో ఇంట్లోనూ అదే అడిగారు. బిళ్ళలు అలా మింగుకుంటూ పోతే నేనేమవుతానని దెబ్బలాడి బయటికొచ్చాను. మూడో ఇంటి తలుపు లోపల గడియ పెట్టి ఉంది, పిల్లల గుసగుసలు వినబడుతున్నాయి.

పై ఊళ్ళో ఇంకా ఘోరం. ఒక బాలింతకి చలిజ్వరం. పరీక్ష చేస్తే మలేరియా. బిళ్ళలు తీసేసరికి ఆ పిల్ల అత్త అడ్డం వచ్చి, “మందు పెట్టినోళ్ళ సేతిది మాకొద్దు,” అంది. నిన్నటిదాకా మందుపెట్టోళ్ళం, ఇవాళ మందు పెట్టినోళ్ళం. మధ్యలో దూరింది చిన్న ముక్క, అంతే. నాలుగో రోజుకి ఆ గుంట మాట పడిపోతే డోలీ కట్టి మోసుకుపోయారు. ఆస్పత్రిలో చావు తప్పి బయటపడింది. నా పరువు పోతే పోయింది, ఎవడిక్కావాలి! నా చేతి మీద నమ్మకం పోతే ఆ పదకొండు ఊళ్ళలో ఎవరో ఒకరు పోతారు.

నెలాఖర్లో రంపచోడవరంలో ఆయన పుస్తకం మీద సభ అని తెలిసింది. బస్సులు మారి మారి వెళ్ళాను. సభ అయ్యాక, మెడలో శాలువాతో మెట్లు దిగుతూ నన్ను చూసి నవ్వాడు.

“చెల్లెమ్మా! ఎప్పుడొచ్చావు? భోజనం చేశావా?”

“అన్నయ్యా, అది తుపాకిమందు పెట్టె అని నేను చెప్పాను కదా. మీరు రాసుకున్నారు కదా.”

“వ్యాకరణం ఒప్పుకోదమ్మా.”

“మీ వ్యాకరణం మండిపోను. ఒక్క పాటలో ఒక్క మాట పట్టుకొని మా ఇంటి మీద ఇంత నింద వేస్తారా?”

ఆయన అటూ ఇటూ చూసి గొంతు తగ్గించాడు. “పాట ఒక్కటే కాదమ్మా. మీ అత్తగారే చెప్పారు. నువ్వు పై ఊళ్ళకి వెళ్ళిన రోజు. రాయొద్దని కూడా అన్నారు. నేను చాలా మథనపడ్డాను. కానీ చరిత్రని దాచే హక్కు మనకి లేదు.”

“రాయనని ఆవిడకి మాటిచ్చారా?”

శాలువా సర్దుకున్నాడు.

“నీ పుస్తకానికి మూడేళ్ళు రస్తు మోసింది నేను,” అన్నాను. ‘మీరు’ పోయి ‘నువ్వు’ ఎప్పుడొచ్చిందో నాకే తెలియదు. “తిన్నది మా ఇంట్లో. నడిచింది నా వెనకాల. సిపాయిలు వెట్టి చేయించుకొని, పోయేటప్పుడు ఊరు కాల్చిపోయేవారని నువ్వే రాసుకున్నావు. మరి నువ్వు చేసిందేమిటి?”

ఎవరో ఫొటోకి పిలిస్తే వెళ్ళిపోయాడు. వెళుతూ వెళుతూ వెనక్కి తిరిగి, భోంచేసి వెళ్ళమని మాత్రం చెప్పాడు. చెప్పొద్దూ, ఆ భోజనం మాటకే నాకు ఏడుపు ముంచుకొచ్చింది. బస్సులో దారి పొడుగునా ఆయన చెప్పింది అబద్ధం కావాలని కొండదేవతలందరికీ మొక్కుకున్నాను.

నేను వెళ్ళేసరికి అత్త వాకిట్లో కాఫీ గింజలు ఎండబోసి కాలితో తిరగేస్తోంది.

“అత్తా, ఆ మాట నిజమేనా?”

ఏ మాటని అడగలేదు. కాలు ఆపకుండానే చెప్పింది. “ఆయన కొడుకులిద్దర్నీ సర్కారోళ్ళు అట్టుకుపోనారు. ఫితూరి దొరలు మీ ఇంటికి అంబలికొస్తారు గదా, ఆళ్ళని పడుకోబెట్టు, నీ కొడుకుల్ని ఒగ్గేత్తాం అన్నారు. ఉమ్మెత్త గింజలు నూరి కుండలో కలిపీసినాడు. దొరలు ఊరికే తాగుతారేటి? ఇంటిది ముందు తాగాల గదా.”

“ఆవిడ తాగిందా?”

“దానికి సెప్పనేదు. గుక్కెడు తాగి డొప్ప దించబోతే, ఆళ్ళకి నమ్మకం కుదరాలని ఆయనే ఇంకాస్త పోసినాడంట. నిండుగా తాగీసింది. తెల్లారేసరికి దొరలు సంకెళ్ళల్లో ఉన్నారు. అది మరి లెగనేదు.”

“కొడుకులో?”

“ఒచ్చినారు. ఆ ఇద్దర్లో ఒకడి కడుపే మనం.”

మరి పాట సంగతేమిటని అడిగాను. అంత పని చేసిన మనిషిని పొగుడుతూ పాట ఎవరు కడతారు?

“పొగడ్త ఎవులు సెప్పినారే? అది తిట్టు. ఊరోళ్ళు కట్టినారు. అప్పుడది మీ తాత సెయ్యే సెయ్యి. మన గడప ముందు నిలబడి పాడేవోరంట. మనోళ్ళు దాన్ని మా తాత సేసీసినారు. పాడగా పాడగా ఊరోళ్ళూ మరిసిపోనారు.”

“నువ్వు మరిచిపోలేదు. ఎవడో దారిన పోయేవాడికి చెప్పావు. నాకెందుకు చెప్పలేదు?”

“నీకు సెప్తే నువ్వా సంచీ అట్టుకునేదానివేటి?” అంది. గింజలు ఇంకోసారి తిరగేసి, “నాను పోతే ఈ మాట నాతోటే పోతాది. ఒక్కడి సెవిలోనైనా ఎయ్యాలనిపించినాది. ఎల్లిపోయే మనిషి గదా అనుకున్నాను. తల్లి మీద ఒట్టేసినాడు కూడాను,” అంది.

ఆయన ఆవిణ్ణీ మోసం చేశాడు. నాకు అది తెలుస్తూనే ఉంది. అయినా ఆవిడ మీద జాలి కలగలేదు. లెక్చరర్ చేసింది మూడేళ్ళ మోసం. ఇది నాకు పాలతో పట్టింది. కొన్నాళ్ళు ఆవిడతో మాట్లాడలేదు. ఒకే ఇంట్లో ఉంటూ పలకరింపులు లేకుండా తిరిగాం.

ఊళ్ళ సంగతి మాత్రం వదలదలుచుకోలేదు. ఇల్లిల్లూ తిరిగి నేనే చెప్పాను. అవును, మా తాత మందు పెట్టాడు. మీ తాతలు దానికి పాట కట్టి మా గడప ముందు పాడారు, బాగా చేశారు. ఇదిగో నా చెయ్యి, ఇదిగో డబ్బా మీద సీలు, మీరే విప్పండి, మీకు నచ్చిన బిళ్ళ మీరే తీసుకోండి. కొందరు మొహం తిప్పుకున్నారు. కొందరు సీలు గోటితో గీకి చూశారు. నేను దాచుకుంటున్నానని అనుమానించినవాళ్ళు, నేనే నోటితో ఒప్పుకునేసరికి ఒక్కొక్కరే తలుపు గడియ తీశారు. నమ్మకం మళ్ళీ కుదరడానికి ఏడాది పట్టింది. మొన్న వానలకి ముందు పక్కింటి వదిన తనంతట తనే గుమ్మంలోకి వచ్చి, “నా బీపీ బిళ్ళలేవి వదినా?” అని చెయ్యి చాపింది. ఆ రోజు పై ఊరికి వెళ్ళే దారంతా నేను పాటలు పాడుకుంటూ నడిచాను.

వానలు పట్టాక అత్తకి జ్వరం వచ్చింది. దుప్పట్లు కప్పినా వణుకు ఆగలేదు. వేలు గుచ్చి పరీక్ష చేస్తే మలేరియా. మూడు రోజుల బిళ్ళలు తీసి, నీళ్ళ గ్లాసుతో దగ్గర కూర్చున్నాను. అన్నాళ్ళ తర్వాత మొదటిసారి ఆవిడ తల నిమిరాను.

“అక్కడెట్టు. తరవాత మింగుతాను.”

“ఇప్పుడే మింగు. నేను చూస్తాను.”

మింగలేదు. బిళ్ళ వంకా నా వంకా చూసింది. ఆ చూపు నేను ఊరూరా చూశాను, నాకు కొత్త కాదు. మా ఇంట్లో చూడటమే కొత్త.

“అత్తా, ఇన్నేళ్ళుగా నీకు ఎన్నిసార్లు జ్వరం వచ్చిందో నాకు తెలుసు. ప్రతిసారీ బిళ్ళలిచ్చాను. ఏం చేశావు?”

“మింగనేదు.”

“ఒక్కటైనా?”

తల అడ్డంగా ఊపింది. “సంతలో మందుల కొట్టోడి కాడ కొనుక్కునీదాన్ని. ఏటీ అనుకోకే. నాకు తెలుసు గదా, మన సెయ్యి.”

పక్కింటి వదినని కేకేసింది అత్తే. వదిన వచ్చి ఇద్దరి మొహాలూ చూసి, నా ముందు చెయ్యి చాపింది. బిళ్ళలు ఆవిడ చేతిలో పెట్టాను. ఆవిడ చేతిలోంచి తీసుకొని అత్త గుటుక్కున మింగింది. మూడు రోజులూ అలాగే జరిగింది. ఆ మూడు రోజులూ నేను కాచిన గంజి గిన్నెలోనే పేరుకుపోయింది, ఆవిడ వదిన ఇంటి నుంచి వచ్చిన గంజే తాగింది. జ్వరం తగ్గింది. నాలుగో రోజు లేచి, గోడ పట్టుకొని నడుచుకుంటూ వెళ్ళి మళ్ళీ పొయ్యి దగ్గర తనే కూర్చుంది. ఉద్యోగం చేసి అలిసొచ్చిన గుంటవి, పొయ్యి జోలికి రాకే అని ఆవిడ ఇరవై ఆరేళ్ళుగా అంటూ ఉంటే, నా మీద ప్రేమ అనుకొని కూర్చుని తిన్నాను.